సింగర్ ఎప్పుడొస్తాడని అడిగిన పెద్దాయనకి

మొన్న ఆదివారం విజయవాడ గవర్నర్‌పేటలో ఒక చిన్న హాల్లో మనూరి కుర్రాళ్ళు నలుగురు వాళ్ళ మొదటి ఆల్బమ్ వాయించి వినిపించారు. నాలుగూ అకౌస్టిక్ గిటార్లే. పాడేవాళ్ళు లేరు, కీబోర్డు లేదు. మన పల్లె పాటల వరసలు, అంతే. బృందం పేరు రాయట్లేదు. రాస్తే ప్రమోషన్ అంటారు, పైగా కింద వాళ్ళకి అక్షింతలు కూడా ఉన్నాయి.

రెండోది అయిపోగానే ముందు కుర్చీల్లోంచి ఒక పెద్దాయన లేచి "బాబూ, సింగర్ ఎప్పుడొస్తాడు?" అన్నాడు. వెటకారం కాదు. పాపం, బెంజ్ సర్కిల్ దగ్గర ట్రాఫిక్‌లో ఇరుక్కున్నాడనుకున్నట్టున్నాడు. వెనక నుంచి ఇంకో గొంతు, "ఏదన్నా సినిమా పాట వేయండి తమ్ముడూ!" కుర్రాళ్ళు నవ్వి ఊరుకున్నారు. నాకే ఒళ్ళు మండింది.

పెళ్ళిలో సన్నాయి మోగుతుంటే పాడేవాడేడని ఎవరన్నా అడిగారా? గిటార్ దగ్గరికొచ్చేసరికి ఎందుకండీ ఈ అనుమానం? అది మనది కాదు, కాలేజీ ఫెస్టుల్లో సింగర్ వెనకాల గోకేదే కదా అని. సరే, వయొలిన్ మాత్రం ఎవరిది? ముత్తుస్వామి దీక్షితార్ తమ్ముడు బాలుస్వామి దీక్షితార్ మద్రాసులో దొరల దగ్గర చూసి నేర్చుకుని మన కచేరీలోకి తెచ్చిందే కదా. ఇప్పుడది లేకుండా కచేరీయే లేదు. మాండొలిన్ మీద గమకం, అంటే స్వరాన్ని ఊపుతూ జారుస్తూ పలికించడం, కుదరదన్నవాళ్ళకి పాలకొల్లులో పుట్టిన శ్రీనివాస్ పిల్లాడిగా ఉన్నప్పుడే జవాబు చెప్పేశాడు.

గమకం ఇబ్బంది నిజమే, కాదనను. గిటార్ మెట్లు (ఫ్రెట్లు) స్వరాన్ని గడిలో పెట్టి బిగించేస్తాయి. వీణకీ మెట్లున్నాయి గానీ అవి ఎత్తుగా ఉంటాయి, తీగ పక్కకి లాగితే స్వరం బోలెడు దూరం జారుతుంది. స్టీలు తీగల అకౌస్టిక్ మీద అంత లాగుడు కుదరదు, వేలు తెగుద్ది. అయితే పల్లె వరసలు చాలావరకు నాలుగైదు స్వరాల్లోనే తిరుగుతాయి. వాటి బలం గమకంలో కంటే దెబ్బలో, ఊపులో ఉంటుంది. ఆ సంగతి కుర్రాళ్ళు పట్టుకున్నారు.

దంపుడు పాటనే చూడండి. ఒక రోలు, ఇద్దరు ఆడవాళ్ళు, రెండు రోకళ్ళు. ఒకటి లేస్తుంటే ఒకటి పడాలి. గిటార్‌లో బొటనవేలు లావు తీగలు రెంటినీ మార్చి మార్చి కొడుతుంటే, మిగతా వేళ్ళు పైన వరస వాయిస్తాయి. అంటే బొటనవేలు రోకలి, చూపుడువేలు పాట. కళ్ళు మూసుకుంటే మా ఇంటి వెనక వసారా కనపడింది. ఇంకోదాంట్లో ఒకతను అన్నిటికన్నా లావు తీగని ఒక స్వరం కిందకి దించి మీటుతుంటే, పక్కతను గిటార్ పొట్ట మీద అరిచేత్తో బుర్రకథ డోలు గుమ్మెటలా వాయించాడు. బుర్రకథ తంబురే అది! బుర్రకథ చెప్పడంలో పేరుమోసిన నాజర్ పుట్టిన పొన్నెకల్లు ఇక్కడికి ఎంత దూరమని?

ఇక మాటల్లేకపోతే జానపదం ఎలా అవుద్దనే వాళ్ళకి మా నాయనమ్మ సంగతి చెప్పాలి. మాది గుంటూరు దాటాక ఫిరంగిపురం వైపు. ఏటా మిరపకాయలు ఎండబెట్టి తొడిమలు తీసి ఇంట్లోనే కారం కొట్టేవాళ్ళు. బియ్యం దంచేటప్పుడు పాడే నాయనమ్మ కారం దగ్గర నోరు తెరిచేది కాదు. తెరిస్తే ఘాటు గొంతులోకి దిగి దగ్గు ఆగదు. ముక్కూ నోరూ కలిపి కొంగు కట్టేసుకుని, అదే వరస లోపల్లోపలే కూనిరాగం తీసేది. ఒక్క మాట బయటికి రాదు. రోకలి చప్పుడూ, ఆ మూలుగులాంటి రాగమూ, అంతే. మరి అది పాట కాదా?

ఇప్పుడు తిట్లు. పల్లె పాటలో వరస మారదు, చరణం మారుద్ది. అత్త సంగతి, మొగుడి సంగతి, పుట్టింటి సంగతి ఒకదాని తర్వాత ఒకటి వస్తుంటే అదే వరస ఇరవైసార్లు విన్నా విసుగుండదు. మాట తీసేస్తే ఆ అండ పోయినట్టే. వాళ్ళకి ఆ భయం పట్టుకుంది. మూడోసారికల్లా వేగం పెంచడం, నాలుగోసారికి తీగలన్నీ కలిపి వాయించేయడం. హాల్లో పర్లేదు, చప్పట్లు పడ్డాయి. రికార్డింగు వింటే మాత్రం చెవిలో క్లిక్ (తాళం తప్పకుండా టిక్ టిక్ మనే మెషిన్ చప్పుడు) పెట్టుకుని వాయించినట్టు తెలిసిపోతోంది. ఒక్క దెబ్బా అటూ ఇటూ లేదు. రోకలి అలా పడదండీ. చేయి నొప్పెడితే ఆగుద్ది, గింజలు రోట్లోకి తోసేటప్పుడు ఒక దెబ్బ ఆలస్యమవుద్ది.

నా చాదస్తమేమోనని ఇంటికెళ్ళి మా పెద్దమ్మకి ఫోన్‌లో వినిపించాను. నాయనమ్మకి ఎదురు నిలబడి దంచింది ఆవిడే. కాసేపు తలాడించింది, మొదట్లో వేళ్ళతో మంచం పట్టె మీద తాళం కూడా వేసింది. తర్వాత ఆపేసింది. "బాగానే ఉంది గానీ, ఇంత జోరయితే రోట్లో రోకళ్ళు గుద్దుకుంటాయిరా అబ్బాయ్" అంది.

ఇంకోటి, ఇది మాత్రం క్షమించలేను. ఆల్బమ్‌లో పాటల పేర్లు "జానపదం 1, జానపదం 2" అని ఉన్నాయి. ఏంటిది, రేషన్ కార్డు నంబర్లా? ఏది నాట్లది, ఏది దంపుడుది, ఏది జోల, ఎవరి నోట విన్నారు, ఏ ఊళ్ళో? ఆ మాటలు పాడలేదు సరే, కనీసం రాయొచ్చుగా. హాల్లో ఆ పెద్దాయనకి ఇది రోకటి పాటండీ అని ఒక్క ముక్క చెప్పుంటే సింగర్ కోసం గుమ్మం వైపు చూసేవాడు కాదు.

ఇదంతా వాళ్ళకి వాట్సాప్‌లో పెట్టాను, పెద్దమ్మ మాటతో సహా. నీలం టిక్కులు పడి రెండు రోజులైంది. ఒక్కడు మాత్రం ఇందాక అడిగాడు, "అన్నా, పెద్దమ్మ గారు ఆదివారం ఇంట్లోనే ఉంటారా?" అని.