పిలిచినవారే ఇల్లు చేర్చాలి

పెళ్లిపత్రికలో ముహూర్తం ఘడియలతో సహా ఉంటుంది. కల్యాణమండపానికి దారి చెప్పే గుర్తులుంటాయి, విందు ఎన్ని గంటలకో ఉంటుంది, ఈమధ్య ఫోనులో దారి చూపే క్యూఆర్ కోడ్‌ను కూడా అచ్చు వేయిస్తున్నారు. వచ్చినవారు రాత్రి తిరిగి ఇల్లు ఎలా చేరతారన్నది మాత్రం ఏ పత్రికలోనూ కనిపించదు. అది అతిథులు చూసుకోవలసిన పని అని పెళ్లివారు అనుకుంటారు, అతిథులూ అలాగే అనుకుంటారు. ఎన్ని విస్తళ్లు లేస్తాయో ముందే లెక్క వేసుకునే ఇంటివారు, రాత్రి ఎంతమంది ఏ ఊరికి మళ్లిపోవాలో కూడా లెక్క వేసుకోవాలని, ఆ ప్రయాణం ఖర్చు పెళ్లి ఖర్చులోదేనని మేము భావిస్తున్నాము.

తిరుపతి, చిత్తూరు జిల్లాల్లో ఈ లెక్క అవసరం ఎక్కువగా ఉండడానికి ఇక్కడి ఆచారం ఒక కారణం. చాలా పెళ్లిళ్లకు ముందురోజు సాయంత్రం రిసెప్షన్, మర్నాడు తెల్లవారుజామున ముహూర్తం. దగ్గరి బంధువులు విడిదిలో ఉండిపోతారు. ఊరివాళ్లు, పొలం ఇరుగుపొరుగులు, ఉద్యోగం చేసే చోటి స్నేహితులు రిసెప్షన్‌కు వచ్చి ఆ రాత్రే వెనుదిరుగుతారు. వధూవరులు వేదిక మీదికి వచ్చేసరికి ఎనిమిది దాటుతుంది. వరుసలో నిలబడి, చదివింపులు అందించి, ఫొటో దిగి, బంతిలో చోటు దొరికి లేచేసరికి పది దాటుతుంది. అప్పటికి పాకాల, పుత్తూరు, సత్యవేడు వైపు లోపలి పల్లెల్లో చాలావాటికి బస్సు ఉండదు. 2025 ఆగస్టు 15 నుంచి స్త్రీశక్తి పథకం కింద ఆర్టీసీ పల్లెవెలుగు, ఎక్స్‌ప్రెస్ బస్సుల్లో మహిళలకు ఉచిత ప్రయాణం వచ్చాక, పెళ్లికి రావడం ఆడవాళ్లకు సులువైంది. పగలు టికెట్ లేకుండా వచ్చిన ఆ తల్లే రాత్రి తిరిగి వెళ్లడానికి ఆటోవాడు అడిగినంత ఇవ్వవలసి వస్తున్నది.

రాత్రి పదిన్నరకు ఏ మండపం ముందు నిలబడినా ఈ దృశ్యం కనిపిస్తుంది. సీరియల్ బల్బుల తోరణం కింద ఒక పెద్దావిడ చేతిలో తాంబూలం సంచి, అందులో టెంకాయ, రవికె గుడ్డ. పక్కన నిద్రకు తూగుతున్న మనవడు. సాయంత్రం దించి వెళ్లిన ఆటోవాడికి ఫోను చేస్తే రేణిగుంటలో ఉన్నానంటాడు. లోపల పెళ్లికూతురి తండ్రి వంటవాళ్ల లెక్క తేలుస్తూ ఉంటాడు కాబట్టి వాకిటి దాకా వచ్చి సాగనంపే తీరిక ఆయనకు ఉండదు. మన వైపు ఎవరూ ‘పోతాం’ అనరు, ‘పొయ్యొస్తాం’ అంటారు. ఆ మాట అనిపించుకున్నవాళ్లకు అతిథి నిజంగా ఎలా పోతున్నాడో తెలియకపోవడం ఈ కాలపు సంగతి. ఒకప్పుడు బండి కట్టించి పంపేవారు.

ఇక పెళ్లి బస్సు మాట్లాడినచోట అంతా సవ్యంగా ఉందనుకోవడానికి లేదు. బస్సుకు అడ్వాన్స్ ఇచ్చిన పెద్దమనిషి డ్రైవర్ గురించి ఆలోచించడం అరుదు. ఆ డ్రైవర్ మధ్యాహ్నం ఊళ్లో జనాన్ని ఎక్కించుకుంటాడు. మండపం చేరాక ఖాళీగా ఉన్నాడు కదా అని పూలకో, మంచినీళ్ల డబ్బాలకో, స్టేషన్‌లో దిగిన బంధువులకో మళ్లీ పంపుతారు. అందరూ తిన్నాక చివరి బంతిలో కడుపునిండా తిని, సీట్ల మధ్య నడవాలో తువ్వాలు పరచుకుని నడుము వాల్చేలోగా, బయలుదేరుదామంటూ ఎవరో బస్సు రేకు మీద చరుస్తారు. విడిదిలో వరుని మేనమామకు ఏసీ గది ఉంటుంది, నలభై మంది ప్రాణాలు చేతిలో పెట్టుకుని నడపవలసినవాడికి మంచం ఉండదు. రవాణా కార్మికుల కోసం 1961లో చేసిన చట్టం రోజుకు 8 గంటల పని అన్నది, ఏకధాటిగా 5 గంటలు దాటకుండా కనీసం అరగంట విశ్రాంతి అన్నది. పెళ్లి బస్సు విషయంలో ఆ గంటలు లెక్కపెట్టేవారు లేరు. లెక్కపెట్టగలిగినది బస్సు మాట్లాడుకున్న కుటుంబమే. దూరం ఎక్కువైతే రెండో డ్రైవర్‌ను అడగాలి, లేదా తెల్లవారేదాకా ఆగాలి.

2022 మార్చి 26 రాత్రి ధర్మవరం నుంచి నిశ్చితార్థానికి తిరుపతి వస్తున్న బస్సు భాకరాపేట ఘాట్‌లో లోయలో పడిన ఘటనను ఈ ప్రాంతం మరిచిపోలేదు. శుభకార్యానికి బయలుదేరిన కుటుంబంలో పలువురు ఆ చీకట్లోనే చనిపోయారు. అది తిరుగు ప్రయాణం కాదు, నిజమే. రాత్రి, ఘాట్, ఒకే బస్సులో బంధువులందరూ అన్న మూడూ మాత్రం రేపటి తిరుగు ప్రయాణంలోనూ ఉంటాయి. 2024 సెప్టెంబరులో మొగిలి ఘాట్‌లో ఆర్టీసీ బస్సును లారీ ఢీకొని ప్రాణాలు తీసింది. పలమనేరు వైపు పెళ్లివారు దిగవలసిన దారి అదే. తిరుమలకు ఎక్కడానికి, దిగడానికి వేర్వేరు ఘాట్ రోడ్లు ఉన్నాయి, రాత్రి కొన్ని గంటలు గేటు మూస్తారు, నిర్ణీత సమయం కంటే ముందే కిందికి చేరిన వాహనానికి జరిమానా వేస్తారు. భాకరాపేటలో, మొగిలిలో అలాంటి గేటు లేదు. అక్కడ వేగానికి అడ్డు డ్రైవర్ మెలకువ ఒక్కటే.

బస్సుకు డబ్బు చాలని ఇళ్లలో ట్రాక్టరు ట్రాలీ, టాటా ఏస్ వంటివి ముందుకొస్తాయి. పోలీసులు ఆపినప్పుడు ‘పెళ్లివాళ్లం సార్’ అంటే వదిలిపెట్టే మంచితనం కూడా మన దగ్గర ఉంది. ఆ మంచితనం ఎవరికి నష్టమో ప్రమాదం జరిగాక తెలుస్తుంది. సరుకు వాహనంలో ఊరకే ఎక్కి ప్రయాణించినవారికి పరిహారం చెల్లించే బాధ్యత బీమా కంపెనీకి లేదని సుప్రీంకోర్టు 2002లోనే తేల్చింది. అంటే చనిపోయినవారి పిల్లలు పరిహారం కోసం ట్రాలీ యజమాని మీదే ఆధారపడాలి, ఆ యజమాని తరచు ఆ పెళ్లివారి దాయాదే అయి ఉంటాడు. మగపెళ్లివారి స్నేహితుల గదిలో సీసాలు తెరుచుకున్నాక కారు తాళాలు ఎవరి దగ్గర ఉండాలో చెప్పడానికి సంపాదకీయం అవసరం లేదు. బండి నడిపేవారి 100 మిల్లీలీటర్ల రక్తంలో ఆల్కహాల్ 30 మిల్లీగ్రాములు దాటితే మొదటిసారికే 10 వేల రూపాయల దాకా జరిమానా, ఆరు నెలల దాకా జైలు ఉండవచ్చు.

ఖర్చు భారమన్న మాటను మేము కొట్టిపారేయడం లేదు. అప్పు చేసి పెళ్లి చేస్తున్న ఇంటిమీద ఇంకొక బరువు పెట్టమనడం తేలిక. అయినా, ఒక్క పూట వాడిపోయే పూలతో వేదిక వెనక గోడ కట్టించే చోట, ఆ గోడ కొంచెం కురచ చేస్తే ఒక బస్సు అద్దె వస్తుంది. ఆర్టీసీ పెళ్లిళ్లకు బస్సులు అద్దెకిస్తున్నది. ముహూర్తాలు దట్టంగా ఉన్న వారాల్లో డిపోలు ఒక అడుగు ముందుకేసి, తిరుచానూరు రోడ్డు వంటి మండపాలు ఎక్కువగా ఉన్న చోట్ల నుంచి రాత్రి పదకొండుకు పుత్తూరు వైపు ఒకటి, పాకాల వైపు ఒకటి టికెట్ బస్సు నడిపితే, ఒకే రాత్రి నాలుగు పెళ్లిళ్ల జనం అందులో సరిపోతారు. ముహూర్తాలు పంచాంగంలో ఏడాది ముందే ఉంటాయి కనుక డిపో మేనేజర్‌కు ఇది అనుకోకుండా వచ్చిపడే రద్దీ కాదు.

కల్యాణమండపాల వారిని అడగవలసినది ఇంతకంటే చిన్నది. బుకింగ్ రసీదులో వంటపాత్రలు, జనరేటర్, కుర్చీల లెక్క రాసే చోట మరో రెండు గడులు చేర్చాలి: రాత్రి తిరిగి వెళ్లే బస్సు నంబరు ఒకటి, డ్రైవర్లు పడుకునే గది ఒకటి. రెండో గడి ఖాళీగా ఉంటే మేనేజరు తాళాలు ఇచ్చే ముందు ఒకసారి అడగాలి.