ఎలుక కాని ఎలుక, చుంచు కాని చుంచు

చెన్నైలో మా వంటింట్లో రాత్రిపూట లైటు వేస్తే చాలు, గోడ వారన కిచకిచమంటూ ఒకటి సింకు కిందికి దూరుతుంది. అమ్మ దాన్ని చుంచెలుక అంటుంది. పక్కింటి తమిళావిడ మాత్రం మూంజూరు, పిళ్లయ్యార్ వాహనం, కొట్టకండి అంటారు. పోయిన నెల ఎలుక కోసం జిగురు అట్ట పెడితే తెల్లారేసరికి ఇదే అతుక్కుని ఉంది. పొడుగు మూతి, ఆవగింజంత కళ్లు, గది నిండా కంపు. కొబ్బరినూనె రాసి విడిపించేసరికి తల ప్రాణం తోకకొచ్చింది.

అసలు చుంచు ఎలుకే కాదు. డీఎన్ఏ లెక్కన ఎలుక మనిషికి దగ్గర చుట్టం. చుంచేమో జంతువుల వంశవృక్షంలో ఆవు, గబ్బిలం ఉన్న కొమ్మలోది. కంటికి నమ్మడం కష్టమే.

ఈ కంటి లెక్క ఎంత దెబ్బ తీస్తుందో అమెరికా నైరుతి ఎడారుల్లోని చుంచు చెబుతుంది. బరువు నాలుగైదు గ్రాములు. అడవి ఎలుకలు పుల్లలతో కట్టుకున్న గూళ్లలో దూరి బతుకుతుంది. నీళ్లు తాగకపోయినా, తిన్న పురుగుల్లోని తేమతోనే నెట్టుకొస్తుంది. 1877లో అమెరికా ప్రకృతి శాస్త్రవేత్త ఎలియట్ కూస్ దానికి క్రాఫోర్డి అని పేరు పెట్టాక, అక్కడ దొరికిన బూడిదరంగు చుంచులకు చాలాకాలం అదే పేరు తగిలించేశారు. 2003లో డీఎన్ఏ చూసి అరిజోనా వైపువాటిని కాక్రమి అనే వేరే జాతిగా విడదీశారు. రెండింటినీ పక్కపక్కన పెట్టినా చూపుతో తేడా పట్టలేం.

చూస్తే తేడా తెలియని జాతి ఏం జాతి అని అడిగేవాళ్లుంటారు. తల్లి నుంచి మాత్రమే వచ్చే మైటోకాండ్రియా డీఎన్ఏ ఒక్కటే చూసి విడదీసి ఉంటే నాకూ అనుమానమే. కానీ ఇక్కడ కణకేంద్రకంలోని డీఎన్ఏ కూడా అదే మాట చెప్పింది. పైగా ఒక జాతి రెండయితే ఒక్కోదాని ఇలాకా చిన్నదవుతుంది. విస్తారంగా ఉందిలే అన్న ధీమాకు అక్కడితో కాలం చెల్లుతుంది.

మధ్య ఆసియా ఇసుక ఎడారుల్లో కథ తిరగబడింది. వీపు మీద తెల్ల మచ్చ ఉన్న అక్కడి చుంచును, మిగతావాటికి భిన్నంగా ఉందని, ప్రత్యేక ప్రజాతిలో, అంటే దగ్గరి జాతులను కలిపే గుంపుల్లో వేరే గుంపులో, పెట్టారు. డీఎన్ఏ చూస్తే అది క్రోసిడ్యూరా అనే మామూలు చుంచుల ప్రజాతి మధ్యే తేలింది.

మన దగ్గరా ఓ తమాషా ఉంది. 'మద్రాస్ ట్రీ ష్రూ' అనే జంతువు పేరులో ష్రూ (చుంచు) ఉన్నా చుంచు కాదు, ఉడతలా కనిపించినా ఉడతా కాదు. మద్రాసు అన్నది అప్పటి ప్రెసిడెన్సీ పేరు గానీ, శాస్త్రానికి మొదట అందిన నమూనా కడప, నెల్లూరు మధ్య కొండల్లోది. దాని శాస్త్రీయ నామంలో ఉన్న ఎల్లియట్, అమరావతి శిల్పాలు తవ్వించి మద్రాసుకు చేర్చిన వాల్టర్ ఎల్లియట్ దొరే. శిల్పాల సంగతి మనవాళ్లలో చాలామందికి తెలుసు, ఈ జంతువు సంగతే తెలియదు.

ఇంతా చదివాక జిగురు అట్టలు మానేశాను. అమ్మ మాత్రం ఇంకా చుంచెలుకే అంటోంది.