హీరో మంత్రి అయ్యాడు, బాంబు మిత్కో జనంలో మిగిలాడు

మన సినిమావాళ్లు ‘క్యారెక్టర్ ఆర్టిస్టు’ అంటుంటారు. ఆ మాట మొదట ఎవరన్నారో గానీ, తెలియకుండానే హీరోని తిట్టారు. క్యారెక్టర్ ఉండేది పక్కవేషానికేనని ఒప్పేసుకున్నట్టే కదా! ఈ మాటకు అచ్చంగా సరిపోయే మనిషి నాకు బల్గేరియాలో దొరికాడు. పేరు గ్రిగోర్ వాచ్కోవ్.

1969లో బల్గేరియా టీవీలో ‘ప్రతి కిలోమీటరు దగ్గరా’ అనే సీరియల్ మొదలైంది. రెండు భాగాలు, 26 ఎపిసోడ్లు. ముందు ఫాసిస్టు వ్యతిరేక పోరాటం, ఆ తర్వాత కొత్త ప్రభుత్వానికి శత్రువులతో పోరాటం. కమ్యూనిస్టు సర్కారు సొంత టీవీలో కథ ఎటు పోతుందో వేరే చెప్పాలా? హీరో దెయానోవ్‌గా స్టెఫాన్ దనాయిలోవ్, పాతికేళ్లు దాటిన అందగాడు. అతని పక్కన మిత్కో బొంబాతా, అంటే బాంబు మిత్కో. అదే మన వాచ్కోవ్.

ప్రచార కథల్లో హీరోకి ఒక శాపం ఉంటుంది. అతను భయపడకూడదు, తప్పు చేయకూడదు, ఆకలేస్తోందని గొణగకూడదు. అతని నోట వచ్చే ప్రతి మాటకూ పార్టీ పూచీ పడాలి మరి. మరి మనిషన్నవాడికి ఉండే కోపం, వెటకారం, తొందరపాటు, స్నేహం కోసం మొండికెత్తడం, ఇవన్నీ ఎక్కడికి పోతాయి? పక్కవాడి వాటాకి వస్తాయి. రాజ్యం హీరోని తన దగ్గరే అట్టిపెట్టుకుని, మనిషిని మిత్కోకి వదిలేసింది. సోఫియాలోని సెటైర్ థియేటర్‌లో ఆరితేరిన వాచ్కోవ్‌కి ఆ వదిలేసిందే చాలు.

అతను మాత్రం ఆ ప్రచారంలో భాగం కాదా అని అడగొచ్చు. నిజమే, జీతమూ ఆ సర్కారుదే, డైలాగూ ఆ సర్కారుదే. కానీ 1989 నవంబరులో బల్గేరియా కమ్యూనిస్టు అధినేత జివ్కోవ్ గద్దె దిగాక ఆ సీరియల్‌లోని రాజకీయం పాతబడింది, బాంబు మిత్కో పాతబడలేదు. ఈ తేడా ఎక్కడి నుంచి వచ్చిందో ఆ ప్రశ్న అడిగేవాళ్లే చెప్పాలి.

ఇద్దరి దారులూ చూడండి. దనాయిలోవ్ సోషలిస్టు పార్టీలో నాయకుడై, 2005 నుంచి 2009 దాకా సాంస్కృతిక మంత్రిగా చేశాడు. అతన్ని తప్పుపట్టడం లేదు, మంచి నటుడే. కాకపోతే హీరో ముఖానికి కుర్చీ ఇట్టే అతుకుతుంది. వాచ్కోవ్ 1980లోనే పోయాడు, 47 ఏళ్లకే.

పోయేలోగా ఒక్క సినిమాతో నా వాదనకు సాక్ష్యం వదిలి వెళ్లాడు. 1977లో ఎడ్వర్డ్ జహారియేవ్ తీసిన ‘మగవాళ్ల కాలం’, నికొలాయ్ హైతోవ్ కథ. ఒక డబ్బున్నవాడు తను మోజుపడ్డ అమ్మాయిని ఎత్తుకురమ్మని బాంకో అనే మొరటువాణ్ని కుదుర్చుకుంటాడు. కొండదారిన ప్రయాణం, ఇష్టం లేని అమ్మాయి, కూలి పుచ్చుకున్న మనిషి. నడిచేకొద్దీ ఆ ఇద్దరి మధ్య పగ సడలి ఇంకేదో మొదలవుతుంది. ఇందులో అందగాణ్ని పెట్టి ఉంటే మొదటి రీల్లోనే కథ తేలిపోయేది, అమ్మాయి మనసు మారుతుందని మనకి ముందే తెలిసిపోయేది. వాచ్కోవ్ ముఖం చూస్తే ఆ భరోసా ఉండదు. ముందు ఆ అమ్మాయితో పాటు మనమూ భయపడతాం, ఆమెతో పాటే మెల్లగా మెత్తబడతాం. ఆ మెత్తబడటమే సినిమా. జహారియేవ్ పక్కవేషగాణ్ని తెచ్చి నడిమధ్యన నిలబెట్టింది అందుకేనని నా నమ్మకం.

ఇదంతా చూశాక మన కొత్త సినిమాలకి వెళ్తే ఒళ్లు మండుతుంది. హీరో ఎంట్రీకి పది నిమిషాలు. తండ్రి వేషానికి రెండు సీన్లు, ఒక గుండెపోటు.