ఏ చెయ్యో, ఏ వేలో చీటీ మీద రాయండి

కుక్క కరిచిందని సర్కారు దవాఖానకు పోతే చేతికొచ్చే ఓపీ చీటీ మీద చాలాసార్లు రెండు మూడు ముక్కలే ఉంటాయి. డాగ్ బైట్, టీటీ (ధనుర్వాతం ఇంజెక్షన్), ఏఆర్‌వీ (రేబిస్ టీకా). కుడిచెయ్యా, ఎడమచెయ్యా? వేలా, అరచెయ్యా? పన్ను లోపలికి దిగిందా, పైపైన గీరుకుందా? కరిచింది ఇంటి కుక్కా, వీధి కుక్కా? రోగిని అడిగితే అన్నీ చెబుతాడు. చీటీ మాత్రం చెప్పదు. ఇది చిన్న లోపం కాదని మేము నమ్ముతున్నాం.

నల్లగొండ, మిర్యాలగూడ, జడ్చర్ల, నాగర్‌కర్నూల్ ప్రాంతాల్లో బీఫార్మసీ, లైఫ్ సైన్సెస్ చదివిన పిల్లలు ఎంతోమంది అమీర్‌పేటలో మెడికల్ కోడింగ్ నేర్చుకుని హైదరాబాద్‌లో ఉద్యోగాలు చేస్తున్నారు. వాళ్ల పని అమెరికా దవాఖానల రికార్డులు చదివి ప్రతి జబ్బుకూ, ప్రతి గాయానికీ కోడ్ వేయడం. అక్కడ ఒకరి కుడిచేతిని కుక్క కరిస్తే ఎస్61.451ఏ అని రాస్తారు. ఎస్61 అంటే మణికట్టు, చెయ్యి, వేళ్ల మీది తెరిచిన గాయం. తర్వాతి 4 చెయ్యి, 5 కాటు, 1 కుడివైపు, చివరి ఏ ఇంకా చికిత్స నడుస్తోందని. ఎడమచెయ్యి అయితే 1 స్థానంలో 2 వస్తుంది. కుడిచేతి చూపుడువేలికి వేరే కోడ్, బొటనవేలికి వేరే కోడ్. కరిచింది కుక్క అని తెలిపే డబ్ల్యూ54.0 పక్కన చేరుతుంది. చర్మం తెగకుండా పైపైన పడ్డ కాటు ఎస్60లోకి పోతుంది. ఇంత నేర్పు మన పిల్లల చేతుల్లోనే ఉంది. దాని అవసరం మన జిల్లాల దవాఖానల్లోనూ ఉంది.

చేతి మీద కాటును మామూలు గాయంలా చూడటానికి వీల్లేదు. చేతిపై చర్మం పలచన, దాని కిందనే నరాలు, స్నాయువులు, కీళ్లు. పిల్లి పన్ను సూదిలా దిగి, పైన చుక్కంత రంధ్రం మాత్రమే వదిలి, లోపల చీము పట్టించగలదు. రెండు రోజుల్లో వేలు వాచి మడత పడదు. రేబిస్ వైరస్ నరాల వెంబడే మెదడుకు చేరుతుంది. వేళ్ల కొసల్లో నరాలు దట్టంగా ఉంటాయి కాబట్టే చేతి కాటును డాక్టర్లు ఎక్కువ ప్రమాదమున్నదిగా లెక్కిస్తారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ జంతువు కాటును మూడు తరగతులుగా విడదీసింది. పన్ను చర్మాన్ని చీల్చుకుని దిగితే మూడో తరగతి. అప్పుడు టీకా ఒక్కటే సరిపోదు, గాయంలోకే ఇమ్యునోగ్లోబ్యులిన్ (వైరస్‌ను వెంటనే అడ్డుకునే యాంటీబాడీల మందు) ఎక్కించాలి. మొదటి టీకా వేసి ఏడు రోజులు దాటితే ఆ మందుకు సమయం మించిపోయినట్టే.

చందంపేట మండలంలోని ఒక తండాలో పిల్లవాడి చేతిలో బిస్కెట్ చూసి కుక్క ఎగబడి, ఉంగరపు వేలు కొరికిందనుకుందాం. ఇంటివాళ్లు ముందు పీహెచ్‌సీకి తీసుకుపోతారు. అక్కడ టీకా పడుతుంది. ఇమ్యునోగ్లోబ్యులిన్ కోసం దేవరకొండకో, నల్లగొండకో పంపిస్తారు. బండి దొరికి, కూలి మానుకుని పోయేసరికి మూడో రోజు వస్తుంది. అప్పటికి రక్తం ఆగి, గాయం మీద పక్కు కట్టి ఉంటుంది. కొత్త డాక్టరు చేతికందే చీటీ మీద డాగ్ బైట్ అని తప్ప ఇంకేమీ లేకపోతే ఆయన దేన్ని పట్టుకుని తేల్చుకోవాలి? తల్లి చెప్పే మాటే ఆధారం. ఆమె టెన్షన్‌లో ఏది చెప్పిందో, ఏది మరిచిందో ఎవరికి తెలుసు? 'కుడిచేతి ఉంగరపు వేలు, మూడో తరగతి, ఇమ్యునోగ్లోబ్యులిన్ ఇవ్వలేదు' అని పీహెచ్‌సీలో ఒక్క వరుస రాసి ఉంటే ఆ పిల్లవాడికి జరగాల్సింది వెంటనే జరుగుతుంది.

బతుకుదెరువు సంగతి కూడా ఉంది. పత్తి ఏరేవాళ్లకు, నాట్లు వేసేవాళ్లకు, మగ్గం మీద కూర్చునే పోచంపల్లి, గద్వాల నేతన్నలకు ఒక వేలు బిగుసుకుపోతే సగం కూలి పోయినట్టే. ఏడాది తర్వాత సదరం క్యాంపుకు పోయి ఇది కుక్క కాటు వల్ల వచ్చిన లోపమని చెప్పుకోవాలన్నా పాత చీటీయే దిక్కు. కోడింగ్‌లో ఇలా మిగిలిపోయిన లోపానికి చివరన వేరే అక్షరమే ఉంది. ఆ అక్షరం వేయాలంటే మొదటి రోజు గాయం ఎక్కడ అయిందో కాగితం మీద ఉండాలి.

కోడర్లకు ఒక కట్టుబాటు ఉంది. డాక్టరు రాయనిది వాళ్లు ఊహించి వేయకూడదు. కుడి ఎడమలు రాయకపోతే 'తెలియదు' అనే కోడే పడుతుంది. కాబట్టి మార్పు ఓపీ గదిలో మొదలవ్వాలి. అక్కడ బారులు తీరిన జనం మధ్య డాక్టరు పడే అవస్థ మాకు తెలుసు, ఆయన్ని తప్పుపట్టడం మా ఉద్దేశం కాదు. రెండు చేతుల బొమ్మ ఉన్న రబ్బరు స్టాంపు ఒకటి చేయించి, చీటీ మీద వేసి, గాయమైన చోట నర్సు చుక్క పెడితే చాలు. పక్కన జంతువు పేరు, తరగతి, ఇమ్యునోగ్లోబ్యులిన్ ఇచ్చారా లేదా అన్నది రాయాలి. ఈ చివరి రెండూ గాయం కోడ్‌లో ఇమడవు కాబట్టి విడిగా రాయక తప్పదు.

ఇంకో చిక్కు ఉంది. ఈ కోడ్లకు మూలం ప్రపంచ ఆరోగ్య సంస్థ తయారుచేసిన జబ్బుల జాబితా (ఐసీడీ). దాని పదో కూర్పులోని గాయం కోడ్‌లలో కుడి ఎడమల తేడా లేదు, కాటుకు ప్రత్యేక అంకె కూడా లేదు. అవి అమెరికా తన కోసం చేర్చుకున్నవి. 2022 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చిన పదకొండో కూర్పులో కోడ్‌కు కుడి ఎడమలు జతచేసే వీలుంది. మన దవాఖానలు దానికి మారేటప్పుడు ఈ వీలును వదులుకోకూడదు.

జంతువు పేరు ఎందుకంటే, మన దగ్గర కుక్కలే కాదు, కోతులూ కరుస్తాయి. శ్రీశైలం దారిలో మన్ననూరు దాటాక కారు ఆపి అరటిపండు అందించేవాళ్ల వేళ్లకు ఆ సంగతి తెలుసు. పత్తి చేలల్లో, వేరుశనగ కుప్పల దగ్గర చెయ్యి పెట్టినప్పుడు పాము కాటేస్తుంది. విషపు పాము కాటుకు టీ63.0 అనే వేరే కోడ్ ఉంది, దాన్ని మామూలు గాయాల్లో కలపకూడదు. పాముకాటును తప్పక నివేదించాల్సిన వాటిలో చేర్చాలని కేంద్రం 2024 నవంబరులో రాష్ట్రాలను కోరింది. కుక్కల ద్వారా వచ్చే రేబిస్‌ను 2030కల్లా లేకుండా చేయాలన్నది జాతీయ లక్ష్యం. ఏ ఊళ్లో ఏ జంతువు ఎవరిని కరుస్తోందో తెలియకుండా కుక్కలకు టీకాలు ఎక్కడ మొదలుపెడతారు, ఏ పీహెచ్‌సీకి ఎన్ని వయల్స్ పంపుతారు?

నల్లగొండ, సూర్యాపేట, మహబూబ్‌నగర్, నాగర్‌కర్నూల్, వనపర్తి, గద్వాల, నారాయణపేటల్లో ఇప్పుడు ప్రభుత్వ మెడికల్ కాలేజీలున్నాయి. వాటి రికార్డుల విభాగాల్లో శిక్షణ పొందిన కోడర్లను ఇద్దరేసి చొప్పున నియమించాలని మేము ప్రభుత్వాన్ని కోరుతున్నాం. హైదరాబాద్‌లో హాస్టల్ అద్దె కట్టలేక తిరిగి వచ్చేద్దామని చూస్తున్న మన పిల్లలే ఆ పనికి సరిపోతారు. స్టాంపుల సంగతి జిల్లా వైద్యాధికారుల చేతిలో ఉన్న పని, దానికి హైదరాబాద్ ఆర్డరు కోసం ఎదురుచూడనక్కర్లేదు. నెలనెలా మండలాల వారీగా కాటు లెక్కలు పశుసంవర్ధక శాఖకు, గ్రామ పంచాయతీలకు పంపాలి, కలెక్టరేట్ బోర్డు మీద పెట్టాలి.