అడవి చుక్కకూర రసంతో రాళ్లు కరగవు

రెండు నెలల నుంచి మా నర్సంపేట వైపు ఏ వాట్సాప్ గ్రూపు తెరిచినా ఒకటే మెసేజ్. "చెరువుగట్ల మీద ఉచితంగా దొరికే అడవి చుక్కకూర! 21 రోజులు పరగడుపున గ్లాసెడు పచ్చి రసం తాగితే కిడ్నీలో రాళ్లు కరిగిపోతాయి. షుగర్ దిగుతుంది, రక్తం పడుతుంది. వేరు నూరి పూస్తే తామర పోతుంది. దూలగొండి దురదకు ఆకే మందు. ఆయుర్వేదంలో చెప్పిందే, సైడ్ ఎఫెక్ట్స్ ఉండవు. పది మందికి పంపండి." కింద వెడల్పాటి ఆకుల మొక్క ఫొటో.

ఇంటర్ పిల్లలకు బాటనీ చెప్పుకునే నేను ఇలాంటివి చూసి వదిలేస్తుంటాను. ఈసారి వదల్లేకపోయాను, ఎందుకంటే మా మేనమామ తాగడం మొదలుపెట్టాడు. కిందటేడు స్కానింగ్‌లో ఆయనకు 7 మిల్లీమీటర్ల రాయి ఉందని తేలింది. నేను వెళ్లేసరికి మిక్సీలో ఆకు తిరుగుతోంది. గ్లాసు అంచు దాకా పచ్చటి నురగ. "అల్లుడా, పైసా ఖర్చు లేదు. కాలువ పొంటి ఎంత కావాల్నంటే అంత ఉన్నది" అన్నాడు. ఎలా ఉందని అడిగితే, "తొమ్మిది దినాలాయె. పండ్లే జర పులిసి గరుకు గరుకు అయితున్నయి" అన్నాడు.

ఆ గరుకులోనే అసలు సంగతంతా ఉంది.

చుక్కకూరకు ఆ పులుపు ఆక్సాలిక్ ఆమ్లం వల్ల వస్తుంది. అది కాల్షియంతో కలిస్తే నీళ్లలో కరగని కాల్షియం ఆక్సలేట్ అనే సన్నటి స్ఫటికాలు ఏర్పడతాయి. నోట్లో లాలాజలంలో ఉన్న కాల్షియంతో కలిసినప్పుడు పళ్ల మీద గరుకుగా తగులుతుంది. మూత్రంలో కలిసినప్పుడు కిడ్నీలో రాయి అవుతుంది. కిడ్నీ రాళ్లలో నూటికి 70 నుంచి 80 దాకా కాల్షియం ఆక్సలేట్ రాళ్లే. అంటే ఏ పదార్థంతో రాయి కట్టుకుందో అదే పదార్థాన్ని మా మామ రోజూ పొద్దున్నే గ్లాసులో పోసుకుని తాగుతున్నాడు. ఇక ఈ రకం రాయిని కరిగించే మందు అల్లోపతిలోనూ లేదు. యూరిక్ ఆమ్లం రాళ్లు మాత్రం మూత్రంలో ఆమ్లం తగ్గించే మందులతో కరుగుతాయి. రెండూ వేర్వేరని మెసేజ్ రాసినవాళ్లు పట్టించుకోలేదు.

"మరి మేం పుట్టినప్పటి నుంచి చుక్కకూర పప్పు తింటున్నాం కదా" అని మా అత్తమ్మ అడిగింది. సరైన ప్రశ్న. పప్పులో ఒకటి రెండు కట్టలు వేస్తే ఇంటిల్లిపాదికీ సరిపోతుంది, మనిషి వంతుకు వచ్చేది పిడికెడు. పైగా అన్నంలోకి తింటాం, చివర్లో పెరుగు పోసుకుంటాం. పెరుగులోని కాల్షియం కడుపులోనే ఆక్సలేట్‌ను పట్టేసుకుంటుంది, అలా కలిసింది రక్తంలోకి ఎక్కకుండా మలంలో పోతుంది. పచ్చి రసం సంగతి వేరు. అరకిలో ఆకు ఒక్క గ్లాసులోకి దిగుతుంది. పరగడుపు కాబట్టి దాన్ని పట్టి ఆపే కాల్షియం కడుపులో ఉండదు. ఆకు అదే అయినా తీసుకునే తీరు పూర్తిగా తలకిందులైంది. మన పెద్దవాళ్లు చుక్కకూరను కుండలో ఉడికించారు గానీ గ్లాసులో పోసి తాగించలేదు.

"నాకు తగ్గింది" అని మెసేజ్ కింద రాసినవాళ్లు అబద్ధం చెప్పారని నేను అనను. 5 మిల్లీమీటర్ల లోపు రాళ్లు చాలామటుకు వాటంతట అవే మూత్రంలో పడిపోతాయి. ఆ రోజుల్లో ఏది తాగితే దానికి పేరొస్తుంది. మా దగ్గర ఉలవచారుకీ, కొండపిండి ఆకు కషాయానికీ అలాగే పేరుంది. ఒక్క మాట: కొండపిండి చుక్కకూర కాదు, వేరే మొక్క, వేరే కుటుంబం. మెసేజ్ చూసి ఈ రెంటినీ ఒకటే అనుకున్నవాళ్లు ఇద్దరు నాకు తగిలారు.

ఫొటో దగ్గరికి వస్తే, అది మన మొక్కే కాదు. అందులో ఉన్నది రూమెక్స్ ఆబ్ట్యూసిఫోలియస్, యూరప్ పచ్చిక మైదానాల్లో పెరిగే వెడల్పాకు రకం. రూమెక్స్ అనేది దగ్గరి చుట్టరికం ఉన్న మొక్కల గుంపు, దాన్నే ప్రజాతి అంటాం. అందులో సుమారు 200 జాతులున్నాయి. మన అంగట్లో కట్టలు కట్టి అమ్మే చుక్కకూర రూమెక్స్ వెసికేరియస్. చెరువు శిఖం భూముల్లో, వాగు ఇసుకలో, నీళ్లు వెనక్కి పోయాక యాసంగిలో మొలిచే కలుపు రకం రూమెక్స్ డెంటాటస్. తేడా తెలియాలంటే కాయ చూడాలి. ఈ పువ్వుకు ఆరు రేకులుంటాయి. లోపలి మూడు కాయతో పాటు పెరిగి దాన్ని కప్పుతాయి. చుక్కకూరలో అవి ఉబ్బి, పలచటి గులాబీ రంగు కాగితం రెక్కల్లా కనిపిస్తాయి. డెంటాటస్‌లో వాటి అంచుకు రంపపు పళ్లుంటాయి, ఆ పేరు అందుకే. విప్పితే లోపల మూడు పలకల గోధుమరంగు గింజ. రెంటికీ ఉమ్మడి గుర్తు కణుపు దగ్గర ఉంటుంది. ప్రతి కణుపు చుట్టూ ఉల్లిపొరలాంటి పలచటి తొడుగు కాండాన్ని చుట్టుకుని ఉంటుంది. గోటితో గీస్తే ఊడొస్తుంది. క్లాసులో పిల్లలకు ఇది చూపించినప్పుడల్లా నాకు కొత్తగానే ఉంటుంది. ఇదే ప్రజాతిలోని రూమెక్స్ క్రిస్పస్ గింజలను అమెరికాలో 1879లో ఇసుకతో కలిపి సీసాల్లో పూడ్చిపెడితే, 80 ఏళ్ల తర్వాత తీసిన సీసాలోనూ కొన్ని మొలిచాయి. అంత గట్టి మొక్క. దీన్ని తక్కువ చేయాలని నాకు లేదు.

పరాయి ఫొటో ఎందుకు వచ్చిందో దూలగొండి మాట చూస్తే అర్థమవుతుంది. ఇంగ్లండు పల్లెల్లో నెటిల్ అనే దురద మొక్క తగిలితే ఈ వెడల్పాకు నలిపి రుద్దడం పాత అలవాటు. ఎవరో ఆ ముక్కను తెలుగులోకి దించి, నెటిల్ తీసేసి దూలగొండి పెట్టారు. నెటిల్ ముల్లు హిస్టమిన్ లాంటి వాటిని చర్మంలోకి ఎక్కిస్తుంది. దూలగొండి కాయ నూగులో మ్యూకునైన్ అనే ప్రొటీన్ ఉంటుంది, దురద దానిది. రెండు దురదలూ ఒకటి కావు. "నెటిల్‌లో ఆమ్లం, ఈ ఆకులో క్షారం, రెండూ కొట్టేసుకుంటాయి" అనే వివరణ కూడా నిలవదు, ఈ ఆకు రసమే పులుపు కదా. దూలగొండి అంటితే ముందు నూగు పోవాలి. చేత్తో రుద్దకుండా టేపు అంటించి లాగేయాలి, తర్వాత కడగాలి. చేలల్లో మనవాళ్లు పేడ పూసి ఆరాక తీసేసేదీ నూగు ఊడిరావాలనే.

షుగర్ మాటే నన్ను ఎక్కువ భయపెడుతోంది. షుగర్ ఉన్నవాళ్లలో చాలామందికి కిడ్నీలు ముందే కొంత దెబ్బతిని ఉంటాయి, ఆక్సలేట్‌ను బయటికి తోసే పని కిడ్నీలదే. 1989లో లాన్సెట్ వైద్యపత్రికలో స్పెయిన్ నుంచి ఒక కేసు వచ్చింది. షుగర్ ఉన్న 53 ఏళ్ల మనిషి ఈ ప్రజాతి ఆకు సుమారు అరకిలోతో చేసిన సూప్ తాగాడు. ఒక్కసారే. కిడ్నీలు, కాలేయం దెబ్బతిని చనిపోయాడు. అందరికీ అలా జరుగుతుందని కాదు. కానీ 21 రోజులు తాగమని లక్షలమందికి పంపేటప్పుడు, వాళ్లలో అలాంటి మనిషి ఉండడని ఎవరు చెప్పగలరు?

రక్తం పడటం గురించి: ఆకులో ఇనుము ఉంది, సి విటమినూ ఉంది. కానీ ఆకుకూరల్లోని ఇనుములో ఒంటికి పట్టేది కొంచెమే. హిమోగ్లోబిన్ 7కు పడిపోయిన ఆడపిల్ల ఐరన్ మాత్రలు మానేసి రసం తాగుతూ కూర్చుంటే నెలలు పోతాయి.

వేరు విషయంలో మాత్రం మెసేజ్‌లో సగం నిజం ఉంది, ఒప్పుకోవాలి. ఈ ప్రజాతిలో చాలా మొక్కల వేరు చీలిస్తే లోపల పసుపు పచ్చగా ఉంటుంది. అందులో ఎమోడిన్, క్రైసోఫనాల్ అనే పదార్థాలున్నాయి. సునాముఖి ఆకులో ఉన్నవీ ఈ కోవవే, రేవల్చిన్ని వేరులో ఉన్నవీ ఇవే. అందుకే చాలా దేశాల్లో దీని వేరును విరేచనానికీ, చర్మరోగాలకూ వాడారు. మన పల్లెల్లో తామరకు నూరి పూసే తగిరిస గింజల్లోనూ ఇవే ఉన్నాయి. కాబట్టి పైపూతగా వాడిన పెద్దలది గుడ్డి నమ్మకం కాదు. అయితే ఇవాళ తామరతో వచ్చేవాళ్లలో చాలామంది మెడికల్ షాపులో స్టెరాయిడ్ కలిసిన క్రీం కొని పూసుకుని, దాన్ని ఒళ్లంతా పాకించుకుని వస్తున్నారు. అది వేరు గంధంతో పోదు, చర్మడాక్టర్ దగ్గరికే వెళ్లాలి. ఇక అదే వేరును రోజూ లోపలికి తీసుకుంటే కడుపునొప్పి, నీళ్ల విరేచనాలు, పొటాషియం పడిపోవడం జరగవచ్చు. గర్భిణులు దాని జోలికే పోకూడదు.

"ఆయుర్వేదంలో చెప్పిందే" అంటున్నారు. గ్రంథాల్లో చుక్రం అనే పేరుంది, అమ్లవేతసం అనే పేరుంది. అమ్లవేతసం అంటే ఏ మొక్క అన్నదాని మీదే పండితులకు ఏకాభిప్రాయం లేదు. కొందరు రూమెక్స్ అంటారు, కొందరు గార్సీనియా చెట్టు కాయ అంటారు. పేరు తేలని చోట మిక్సీ, గ్లాసు, 21 రోజుల లెక్క ఎక్కడి నుంచి వచ్చాయి?

మా మామ ఆ రోజే మానేశాడు. రాయికి డాక్టర్ చెప్పినవి నీళ్లు బాగా తాగడం, ఉప్పు తగ్గించడం, ఇంకోసారి స్కానింగ్. ఎండలో నాట్లకు, పత్తి ఏరడానికి పోయేవాళ్లు పొద్దంతా ఒక్క సీసా నీళ్లతో గడుపుతారు, మన దగ్గర రాళ్లకు అదొక పెద్ద కారణం.

మీ ఇంట్లో ఎవరైనా ఇప్పటికే ఈ రసం తాగుతుంటే ఇవాళే ఆపించండి. మూత్రం తగ్గినా, వాంతులు అవుతున్నా, నడుము పక్కన నొప్పి ఉన్నా, కాళ్లు ముఖం ఉబ్బినా వెంటనే ఆస్పత్రికి తీసుకెళ్లండి. ఎన్ని రోజులు తాగారో, రోజుకు ఎంత తాగారో దాచకుండా చెప్పండి. తాగిన ఆకు, కాయతో సహా ఒక కొమ్మ కవర్‌లో పెట్టుకుని వెళ్లండి.