లైబ్రరీలో కనిపించినంత మాత్రాన ఆట మనదైపోదు

"ఒక్క నెల సబ్‌స్క్రిప్షన్ కట్టండి. దొరికిన గేమ్స్ అన్నీ లైబ్రరీలో వేసుకోండి. వెంటనే క్యాన్సిల్ కొట్టండి. ఒకసారి లైబ్రరీలోకి వచ్చాక అవి జీవితాంతం మీవే."

గేమింగ్ గ్రూపుల్లో ఒకరి నుంచి ఒకరికి ఫార్వర్డ్ అవుతూ తిరుగుతున్న సలహా ఇది. దీని కింద ఇంకొన్ని పాయింట్లు ఉంటాయి. డౌన్‌లోడ్ అయ్యాక నెట్ తీసేస్తే కంపెనీకి తెలియదట. అన్ని సర్వీసులూ ఇంతేనట. సేవ్‌లకు, అంటే ఆటలో ఎక్కడి దాకా వచ్చామో దాచిపెట్టే ఫైళ్లకు, ఢోకా లేదట. చట్టం కూడా మన వైపే ఉందట. చివర్లో "నేను ఇప్పటికీ ఆడుతున్నాను" అనే సాక్ష్యం ఒకటి.

పూర్తిగా అబద్ధమైతే ఇది ఇంతమందిని నమ్మించేది కాదు. నాలుగు వేర్వేరు సర్వీసుల్లోని నాలుగు వేర్వేరు నిజాలను తీసుకొచ్చి ఒకే సంచిలో వేసి కలిపారు. అందుకే ఒక్కో ముక్కా విడదీసి చూడాల్సి వస్తోంది.

"ప్లేస్టేషన్ ప్లస్‌లో క్లెయిమ్ చేసిన ఆటలు శాశ్వతం"

కాదు. సోనీ గేమ్ కన్సోల్ ప్లేస్టేషన్‌కు ఉన్న సబ్‌స్క్రిప్షన్ పేరు ప్లేస్టేషన్ ప్లస్, 2010 జూన్‌లో మొదలైంది. నెలనెలా ఇచ్చే ఆటల విషయంలో అక్కడి నియమం సూటిగా ఉంటుంది: క్లెయిమ్ చేసిన, అంటే లైబ్రరీలో వేసుకున్న ఆట సభ్యత్వం నడుస్తున్నన్నాళ్లు ఆడుకోవచ్చు, సభ్యత్వం ఆగిన రోజు తాళం పడుతుంది. కన్సోల్‌లో ఆట బొమ్మ మీద తాళం గుర్తు నిజంగానే కనిపిస్తుంది. ఫైలు ఎక్కడికీ పోదు, స్టోరేజీలో వంద జీబీ తినేస్తూ అలాగే కూర్చుంటుంది. ఆడనివ్వదు, అంతే.

మరి ఆ నమ్మకం ఎలా పుట్టింది? ఏడాది తర్వాత మళ్లీ డబ్బు కడితే, అప్పట్లో క్లెయిమ్ చేసినవన్నీ మళ్లీ తెరుచుకుంటాయి. ఆ మాట నిజమే. "మళ్లీ కడితే తిరిగొస్తాయి" అన్నది నలుగురి నోళ్లలో నలిగి "ఎప్పటికీ ఉంటాయి"గా మారిపోయింది.

ఇక్కడే ఇంకో తిరకాసు ఉంది. 2022లో ఈ సర్వీసును ఎసెన్షియల్, ఎక్స్‌ట్రా, ఆ పైన మరో శ్రేణి అని విడగొట్టారు. డౌన్‌లోడ్ లేకుండా నెట్ మీదే ఆడే స్ట్రీమింగ్ ఉన్న దేశాల్లో ఆ పై శ్రేణి పేరు ప్రీమియం, మన దేశంలో డీలక్స్. నెలవారీ ఆటలు అన్ని శ్రేణులకూ వస్తాయి. ఎక్స్‌ట్రా నుంచి పైకి వెళ్తే వందల ఆటలున్న క్యాటలాగ్ అదనం. ఈ రెంటికీ నియమం వేరు. నెలవారీ ఆటను ఆ నెలలో క్లెయిమ్ చేస్తే చాలు, ఆ తర్వాత అది జాబితాలో లేకపోయినా సభ్యత్వం ఉన్నంతకాలం మనకు ఉంటుంది. క్యాటలాగ్ ఆట అలా కాదు. ఎన్నిసార్లు లైబ్రరీలో వేసుకున్నా, దాన్ని క్యాటలాగ్ నుంచి తీసేసిన రోజు డబ్బు కడుతున్నవాడికి కూడా పోతుంది. ఎక్స్‌ట్రా నుంచి ఎసెన్షియల్‌కు దిగితే క్యాటలాగ్ మొత్తం మూతపడుతుంది, నెలవారీవి మాత్రం మిగులుతాయి. కాబట్టి ఒక నెల ఎక్స్‌ట్రా కట్టి రాత్రంతా కూర్చుని మూడొందల ఆటలు లైబ్రరీలోకి నెట్టడం వల్ల బొటనవేలు నొప్పి తప్ప ఏమీ మిగలదు.

పీఎస్‌5తో పాటు 2020 నవంబరులో వచ్చిన ప్లస్ కలెక్షన్ కథ కూడా ఇదే. ఇరవై దాకా మంచి పీఎస్4 ఆటలు సభ్యులకు ఇచ్చారు. 2023 మే 9న ఆ కలెక్షన్ ఎత్తేశారు. అప్పటికే క్లెయిమ్ చేసినవాళ్లకు ఆటలు మిగిలాయి, కానీ సభ్యత్వం కొనసాగించినవాళ్లకే.

అన్నట్టు, ఒక్క నెల కడితే వచ్చేది ఆ నెల ఆటలే. గత నెలల్లో ఇచ్చినవి వెనక్కి వెళ్లి తీసుకోవడం కుదరదు. ఫార్వర్డ్ రాసినవాళ్లు ఈ చిన్న విషయం ఎందుకు వదిలేశారో వాళ్లకే తెలియాలి.

క్లెయిమ్ చేసిన ఆటనూ కొన్న ఆటనూ కంపెనీ ఒకేలా చూడదనడానికి ఒక ఉదాహరణ చెప్తాను. 2021 మార్చిలో ఫైనల్ ఫాంటసీ 7 రీమేక్ పీఎస్4 వెర్షన్‌ను ప్లస్ సభ్యులకు ఇచ్చారు. అదే ఏడాది జూన్‌లో పీఎస్5 వెర్షన్ వచ్చింది. పీఎస్4 ఆటను డబ్బు పెట్టి కొన్నవాళ్లకు అప్‌గ్రేడ్ ఉచితం. ప్లస్ ద్వారా తీసుకున్నవాళ్లకు ఆ అవకాశం లేదన్నారు. డిసెంబరులో గానీ ఆ నిర్ణయం మారలేదు. ఇద్దరి లైబ్రరీలోనూ కనిపించేది ఒకే బొమ్మ, దాని వెనక ఉన్న లైసెన్సులు మాత్రం వేరు.

"ఎక్స్‌బాక్స్‌లో క్యాన్సిల్ చేసినా ఉంటాయి, నేనే ఆడుతున్నాను"

ఆ సాక్ష్యం చెప్పేవాళ్లు అబద్ధమాడటం లేదు. పాత కాలం ముచ్చటను ఇప్పటికి అంటగడుతున్నారు.

2013లో మైక్రోసాఫ్ట్ తన ఎక్స్‌బాక్స్ గోల్డ్ సభ్యులకు నెలనెలా ఆటలిచ్చే గేమ్స్ విత్ గోల్డ్ మొదలుపెట్టింది. అందులో ఎక్స్‌బాక్స్ 360 ఆటలకు ఒక ప్రత్యేకత ఉండేది. ఒకసారి తీసుకుంటే గోల్డ్ సభ్యత్వం పోయినా ఆట మనకే ఉండేది. ఎక్స్‌బాక్స్ వన్ ఆటలకు ఆ సౌకర్యం లేదు, సభ్యత్వం ఉంటేనే నడుస్తాయి. రెండూ ఒకే పేజీలో పక్కపక్కనే కనిపించేవి కాబట్టి చాలామందికి తేడా తెలియలేదు. పైగా ఆ 360 ఆటల్లో చాలా వాటిని ఇప్పటి సిరీస్ ఎక్స్, సిరీస్ ఎస్ మీద కూడా ఆడుకోవచ్చు. అందుకే ఎప్పుడో పదేళ్ల కిందట తీసుకున్న 360 ఆట ఇవాళ కొత్త కన్సోల్‌లో తెరుచుకుంటే "చూశారా, క్యాన్సిల్ చేసినా ఉంది" అనిపించడం సహజం.

కానీ 2022 అక్టోబరు నుంచి 360 ఆటలు ఇవ్వడం ఆపేశారు. 2023 సెప్టెంబరు 1తో గేమ్స్ విత్ గోల్డే ముగిసింది. అదే నెల 14న గోల్డ్ స్థానంలో గేమ్ పాస్ కోర్ అనే సభ్యత్వం వచ్చింది, 2025 అక్టోబరులో దాని పేరు గేమ్ పాస్ ఎసెన్షియల్‌గా మారింది. అప్పట్లో గోల్డ్‌తో తీసుకున్న ఎక్స్‌బాక్స్ వన్ ఆటలు ఆడాలంటే ఏదో ఒక అర్హమైన సభ్యత్వం ఉండాల్సిందే. అంటే ఆ పాత దారి ఇవాళ కొత్తగా చేరేవాళ్లకు లేదు.

మైక్రోసాఫ్ట్‌దే అయిన గేమ్ పాస్ సంగతి ఇంకా తేలిక. 2017 జూన్‌లో మొదలైన ఈ సర్వీసులో క్లెయిమ్ అనేదే లేదు. జాబితాలో ఉన్నంతకాలం, మన సభ్యత్వం ఉన్నంతకాలం ఆడుకోవచ్చు. రెంటిలో ఏది ముందు ముగిస్తే అప్పటితో సరి. జీటీఏ 5 ఇందులోకి ఎన్నిసార్లు వచ్చి ఎన్నిసార్లు వెళ్లిందో గమనించినవాళ్లకు ఇది వేరే చెప్పక్కర్లేదు. మిషన్ మధ్యలో ఉన్నామని ఎవరూ ఆగరు. ఆట వెళ్లిపోయే ముందు సభ్యులకు తగ్గింపు ధరకు కొనుక్కునే వీలుంటుంది. అప్పుడు కొంటే ఆడినంత వరకు ఉన్న సేవ్ అలాగే పనికొస్తుంది. బాగా నచ్చిన ఆటకైతే సరిగ్గా ఆ సమయంలో కొనుక్కోవడమే తెలివైన పని.

"డౌన్‌లోడ్ చేసి నెట్ కట్ చేస్తే కంపెనీకి ఎలా తెలుస్తుంది?"

కంపెనీకి తెలియాల్సిన పని లేదు, కన్సోల్‌కు తెలిస్తే చాలు. ఆటతో పాటు లైసెన్సు కూడా దిగుతుంది, సబ్‌స్క్రిప్షన్ ఆట లైసెన్సుకు గడువు ఉంటుంది. గేమ్ పాస్ ఆటలను ఆఫ్‌లైన్‌లో ఆడుకోవచ్చు గానీ దాదాపు 30 రోజులకు ఒకసారైనా నెట్‌కు కలిపి సభ్యత్వం ఉందని చూపించాలి. నింటెండో స్విచ్ ఆన్‌లైన్‌లోని పాత ఆటలకైతే ఏడు రోజులకోసారి. ప్లస్ ఆటల లైసెన్సు సభ్యత్వం ముగిసే తేదీకి ముడిపడి ఉంటుంది. కాబట్టి నెట్ తీసేస్తే కలిసొచ్చేది మహా అయితే కొన్నాళ్లు. ఆ కొన్నాళ్ల కోసం ఆన్‌లైన్ ఆటలు, అప్‌డేట్లు, స్టోరు అన్నీ మానుకుని కూర్చోవాలి.

ఇదే పాయింట్ కింద కొందరు "ప్రైమరీ అకౌంట్" అమ్మేవాళ్ల నంబర్లు కూడా జోడిస్తున్నారు. ఎవరో కట్టిన సభ్యత్వంలో మనం చేరి సగం ధరకే ఆడుకోవడం. అకౌంట్లు అమ్మడం, కొనడం ప్లేస్టేషన్ నియమాలకు విరుద్ధం. అది పక్కన పెట్టినా, ఆ అకౌంట్ పాస్‌వర్డ్ అసలు యజమాని చేతిలోనే ఉంటుంది. అతను మార్చుకున్న రోజు మన డబ్బూ పోతుంది, ఆటలూ పోతాయి. ఎవరికి ఫిర్యాదు చేస్తారు?

"అన్ని సర్వీసులూ ఇంతే"

ఇంతే కాదు. విచిత్రమేమిటంటే ఫార్వర్డ్‌లో చెప్పిన మాట నిజంగా వర్తించే సర్వీసులు కొన్ని ఉన్నాయి, వాటి పేర్లు మాత్రం అందులో లేవు.

అమెజాన్ ప్రైమ్ సభ్యులకు ఇచ్చే పీసీ ఆటలు అలాంటివి. అమెజాన్ సొంత యాప్‌లోనో, గాగ్, ఎపిక్ లాంటి స్టోర్లలో వాడుకునే కోడ్ రూపంలోనో వస్తాయి. ఒకసారి మన అకౌంట్‌లో చేరాక ప్రైమ్ ఆపేసినా ఉంటాయి. హంబుల్ చాయిస్ కూడా అంతే. నెలకు కొన్ని ఆటల కీలు (కోడ్లు) ఇస్తారు, ఎక్కువగా స్టీమ్ అనే పీసీ ఆటల స్టోర్‌వి. స్టీమ్‌లో కీ రిడీమ్ చేశాక ఆ ఆటకూ హంబుల్ సభ్యత్వానికీ సంబంధం తెగిపోతుంది. ఒక్కటే జాగ్రత్త: కొన్ని కోడ్లకు గడువు తేదీ ఉంటుంది, తర్వాత చూద్దాంలే అని ఈమెయిల్‌లో పడేస్తే చెల్లకుండా పోతాయి.

తేడా ఎక్కడుందో గమనించండి. ఆట లైసెన్సు సబ్‌స్క్రిప్షన్ ఇచ్చిన కంపెనీ దగ్గరే ఉండి, ఆడిన ప్రతిసారీ సభ్యత్వం అడుగుతుంటే అది ఆగితే ఆటా ఆగుతుంది. వేరే స్టోర్‌లోని మన అకౌంట్‌కు బదిలీ అయిపోతే ఆగదు. ఏ కొత్త సర్వీసు వచ్చినా ఈ ఒక్క ప్రశ్న అడిగితే జవాబు దొరుకుతుంది. ఈఏ ప్లే, యూబీసాఫ్ట్ ప్లస్, యాపిల్ ఆర్కేడ్, గూగుల్ ప్లే పాస్ అన్నీ మొదటి రకమే. ఫోన్‌లో డౌన్‌లోడ్ అయి ఉన్న ఆర్కేడ్ ఆట కూడా సభ్యత్వం పోతే తెరుచుకోదు.

"సేవ్‌లు ఎక్కడికీ పోవు"

సగం నిజం. కన్సోల్‌లో ఉన్న సేవ్‌ను సభ్యత్వం ముగిసిందని ఎవరూ చెరిపేయరు. ఎక్స్‌బాక్స్‌లో క్లౌడ్ సేవ్ అందరికీ ఉచితం కాబట్టి అక్కడ టెన్షన్ లేదు. ప్లేస్టేషన్‌లో క్లౌడ్ సేవ్ అన్నది ప్లస్ సభ్యుల సౌకర్యం. పీఎస్4 సేవ్‌లను యూఎస్‌బీ డ్రైవ్‌లోకి కాపీ చేసుకోవచ్చు, పీఎస్5 ఆటల సేవ్‌లకు ఆ దారి లేదు. సభ్యత్వం లేని రోజుల్లో కన్సోల్ పాడైతే ఆ గంటలన్నీ గోవిందా. నింటెండో అయితే సభ్యత్వం ముగిశాక క్లౌడ్ సేవ్‌లను 180 రోజులు ఉంచుతుంది, ఆలోపు మళ్లీ చేరితే దక్కుతాయి.

అదనపు కంటెంట్ గురించి ఫార్వర్డ్‌లో ఒక్క ముక్క లేదు, డబ్బు నిజంగా పోయేది అక్కడే. సబ్‌స్క్రిప్షన్‌లో వచ్చిన ఆటకు ఈ అదనపు కంటెంట్, అంటే డీఎల్‌సీ, విడిగా కొంటే ఆ డీఎల్‌సీ మనదే. అసలు ఆట లేకుండా అది నడవదు. అద్దె ఇంటికి మన డబ్బుతో ఏసీ బిగించుకోవడం లాంటిది. ఆటను కొనే ఉద్దేశం ఉంటేనే డీఎల్‌సీ జోలికి వెళ్లండి.

"చట్టం కూడా వచ్చింది, ఇక కంపెనీలు ఆటలు తీసేయలేవు"

ఈ పాయింట్‌లో చెప్తున్నది కాలిఫోర్నియా చట్టం గురించి. ఏబీ 2426 మీద అక్కడి గవర్నర్ 2024 సెప్టెంబరులో సంతకం చేశారు, 2025 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చింది. అది ఆటలు తీసేయడాన్ని ఆపదు. డిజిటల్ వస్తువును "కొనండి" అని అమ్మేటప్పుడు, ఇది లైసెన్సు మాత్రమే అని కొనేవాడికి స్పష్టంగా చెప్పాలంటుంది. స్టీమ్ బిల్లు పేజీలో ఆ వాక్యం కనిపిస్తున్నది అందుకే. సభ్యత్వం ఉన్నంతకాలమే అందుబాటు అని చెప్పి అమ్మే సబ్‌స్క్రిప్షన్లకైతే ఈ చట్టంలోనే మినహాయింపు ఉంది. అంటే ఫార్వర్డ్ ఏ విషయానికి దీన్ని సాక్ష్యంగా తెచ్చిందో, సరిగ్గా ఆ విషయానికే అది వర్తించదు. పైగా అది ఒక అమెరికా రాష్ట్రపు చట్టం. హైదరాబాదులో కూర్చుని ఆడేవాడికి దాంతో దక్కేదేమీ లేదు.

ఈ చర్చ ఇంత వేడెక్కడానికి కారణం సబ్‌స్క్రిప్షన్లు కూడా కాదు. యూబీసాఫ్ట్ 2014లో అమ్మిన ది క్రూ అనే కార్ల ఆట సర్వర్లను 2024 మార్చి 31న మూసేసింది. డబ్బు పెట్టి కొన్నవాళ్లకు కూడా ఆట ఆగిపోయింది. అక్కడి నుంచి పుట్టిందే స్టాప్ కిల్లింగ్ గేమ్స్ ఉద్యమం. యూరప్‌లో దాని పిటిషన్‌కు 2025 జూలైలో 10 లక్షల సంతకాలు దాటాయి. అది అడుగుతున్నది కొన్న ఆటల గురించి. సబ్‌స్క్రిప్షన్ ఆటలు శాశ్వతంగా కావాలని అక్కడ ఎవరూ అడగలేదు.

నెట్ మీదే ఆటలు ఆడించే గూగుల్ స్టేడియా 2023 జనవరి 18న మూతపడినప్పుడు ఈ గీత మరీ స్పష్టంగా కనిపించింది. కొన్న ఆటలకు గూగుల్ డబ్బు వెనక్కి ఇచ్చింది. ప్రో సభ్యత్వానికి కట్టిన నెలసరి రుసుము ఇవ్వలేదు.

"సబ్‌స్క్రిప్షన్ పోతే కొన్నవి కూడా పోతాయి"

మొదటి ఫార్వర్డ్ నమ్మి దెబ్బతిన్నవాళ్లు దానికి జవాబుగా పుట్టించిన రెండో ఫార్వర్డ్ ఇది. ఇదీ తప్పే. విడిగా కొన్న ఆటకు సభ్యత్వంతో పని లేదు. సభ్యులకిచ్చే తగ్గింపు ధరలో కొన్నా సరే, క్యాన్సిల్ చేశాక ఆ ఆట మన దగ్గరే ఉంటుంది. ఆగేది కన్సోల్‌లో కొన్న ఆటల ఆన్‌లైన్ మల్టీప్లేయర్, దానికి సభ్యత్వం కావాలి. ఫోర్ట్‌నైట్ లాంటి ఉచిత ఆటలకు అది కూడా అక్కర్లేదు. క్యాన్సిల్ కొట్టగానే అన్నీ పోతాయన్న భయం కూడా వద్దు. సాధారణంగా క్యాన్సిల్ చేయడమంటే ఆటో రెన్యూవల్ ఆపడమే, కట్టిన గడువు చివరి రోజు దాకా ఆడుకోవచ్చు.

మన దేశంలో అయితే క్యాన్సిల్ చేయకుండానే సభ్యత్వం ఆగిపోయే సందర్భాలున్నాయి. రిజర్వు బ్యాంకు 2021 అక్టోబరు 1 నుంచి ఆటో డెబిట్ నిబంధనలు గట్టిగా అమలు చేశాక, ఈ-మాండేట్ (ఆటో డెబిట్‌కు ముందుగా ఇచ్చే అనుమతి) నమోదు కాని కార్డుల నుంచి నెలనెలా డబ్బు దానంతట అది కట్ కావడం ఆగిపోయింది. మాండేట్ ఉంటే డబ్బు తీయడానికి కనీసం 24 గంటల ముందు బ్యాంకు నుంచి మెసేజ్ వస్తుంది. ఉన్నట్టుండి ప్లస్ ఆటలన్నింటి మీదా తాళం గుర్తు కనిపిస్తే అకౌంట్ హ్యాక్ అయిందేమోనని కంగారు పడకుండా ముందు రెన్యూవల్ ఫెయిలైందేమో చూడండి. డబ్బు కట్టాక కూడా తాళం పోకపోతే సెట్టింగ్స్‌లో రిస్టోర్ లైసెన్సెస్ అనే ఆప్షన్ ఉంటుంది, అది ఒకసారి నొక్కండి.