'తక్షణ కారణం' అన్న మాట మీద నా కోపం

పదహారేళ్లుగా పదో తరగతికి సోషల్ చెప్తున్నాను. మొదటి ప్రపంచ యుద్ధం పాఠం వచ్చిన ప్రతిసారీ బోర్డు మీద అదే వాక్యం రాస్తూ వచ్చాను. "తక్షణ కారణం: 1914 జూన్ 28న సరయేవోలో ఆస్ట్రియా యువరాజు ఫ్రాంజ్ ఫెర్డినాండ్ హత్య." పిల్లలు రాసుకుంటారు, బట్టీ పడతారు, పరీక్షలో రాస్తారు, మార్కులు పడతాయి. ఇన్నేళ్లలో ఎవరూ ఎదురు ప్రశ్న వేయలేదు. మొన్న చివరి బెంచీలో కూర్చునే అబ్బాయి లేచి అడిగాడు. "చనిపోయింది ఆస్ట్రియా ఆయన, చంపింది బోస్నియా అబ్బాయి. మధ్యలో జర్మనీ, ఫ్రాన్స్ ఎందుకు కొట్టుకున్నాయి టీచర్?"

"కూటములు ఉన్నాయి కదా నాన్నా, ఒకరికొకరు మాట ఇచ్చుకున్నారు" అని చెప్పి కూర్చోబెట్టాను. వాడు కూర్చున్నాడు కానీ వాడి మొహంలో సమాధానం దొరికినట్టు లేదు. నాకూ అలాగే ఉంది. ఆ రోజు నుంచి ఇంట్లో పనులయ్యాక రాత్రిళ్లు కూర్చుని ఆ వేసవి గురించి దొరికిందల్లా చదివాను. చదివేకొద్దీ బాధ వేసింది, ఆ వెనకే కోపం వచ్చింది. అందుకే ఈ పోస్ట్. పొడుగ్గా ఉంటుంది, ఓపిగ్గా చదవండి.

ముందుగా, ఆ రోజు చనిపోయింది ఒకరు కాదు, ఇద్దరు. ఆయన భార్య సోఫీ పేరు నేను పదహారేళ్లలో ఒక్కసారి కూడా బోర్డు మీద రాయలేదు. ఆమె చెక్ జమీందారీ కుటుంబం ఆడపిల్ల. రాజవంశం కాదు. అంతస్తు కుదరని సంబంధం అని చక్రవర్తి ఫ్రాంజ్ జోసెఫ్ ఒప్పుకోలేదు. చివరికి ఒక షరతు పెట్టాడు. భార్యకు మహారాణి హోదా ఉండదు, పుట్టే పిల్లలకు సింహాసనం రాదు అని ఫెర్డినాండ్ ప్రమాణం చేసి సంతకం పెట్టాలి. పెట్టాడు. అది 1900 జూన్ 28. సరిగ్గా పద్నాలుగేళ్ల తర్వాత అదే తేదీన ఇద్దరూ చనిపోయారు. ఈ మధ్య కాలమంతా రాజభవనం విందుల్లో ఆమె భర్త పక్కన నడవడానికి లేదు, వరసలో ఎక్కడో వెనక రావాలి. బోస్నియాలోని సరయేవోకి ఆయన సైన్యం ఇన్‌స్పెక్టర్ జనరల్ హోదాలో వెళ్లాడు కాబట్టి అక్కడ పక్కన కూర్చుని కారులో వెళ్లే వీలు దొరికింది. చనిపోయాక కూడా వదల్లేదు. ఆస్ట్రియా రాజధాని వియన్నాలో ఇద్దరి శవపేటికలూ ఉంచినప్పుడు ఆమెది ఆయనదాని కంటే తక్కువ ఎత్తులో పెట్టారు. దాని మీద తెల్ల గ్లోవ్స్, ఒక విసనకర్ర పెట్టారు. పెళ్లికి ముందు ఆమె ఒక రాజకుటుంబం ఇంట్లో పరిచారికగా ఉండేదని గుర్తు చేయడానికి. రాజవంశం సమాధుల్లో ఆమెకు చోటు ఉండదని ఆయనకు ముందే తెలుసు. అందుకే ఆర్ట్‌స్టెటెన్ కోటలో తమ ఇద్దరికీ విడిగా సమాధి గది కట్టించుకున్నాడు. ముగ్గురు పిల్లలు. పెద్దమ్మాయికి 12 ఏళ్లు.

ఇంక ఆ పొద్దున. నది గట్టు వెంబడి రోడ్డు మీద ఆరుగురు యువకులు బాంబులు, పిస్తోళ్లతో నిలబడ్డారు. మొదటివాడు ఏమీ చేయలేకపోయాడు. చాబ్రినోవిచ్ అనే కుర్రాడు బాంబు విసిరితే అది యువరాజు కారు మడత టాపు మీద పడి జారి, వెనక కారు దగ్గర పేలింది. పదిహేను మందికి పైగా దెబ్బలు తగిలాయి. విసిరినవాడు విషం మింగి మిల్యాత్స్కా నదిలో దూకాడు. విషం పని చేయలేదు, నదిలో లోతు లేదు. ఇంత జరిగాక ఏ బుద్ధి ఉన్న అధికారైనా ఏం చేస్తాడు? వీధులు ఖాళీ చేయిస్తాడు, సైన్యాన్ని పిలిపిస్తాడు. దగ్గర్లోనే విన్యాసాల కోసం వచ్చిన సైన్యం ఉంది. గవర్నర్ పొటియోరెక్ పిలిపించలేదు. టౌన్ హాల్లో మేయర్ స్వాగత ఉపన్యాసం కూడా జరిగింది.

తర్వాత ఫెర్డినాండ్ ఆసుపత్రికి వెళ్లి దెబ్బలు తగిలిన అధికారిని చూస్తానన్నాడు. సరే, దారి మార్చి గట్టు రోడ్డు మీదే నేరుగా వెళ్దామనుకున్నారు. ఆ సంగతి డ్రైవర్లకు ఎవరూ చెప్పలేదు. లాటిన్ బ్రిడ్జి దగ్గర ముందు కారు పాత దారిలో కుడికి తిరిగింది, యువరాజు కారూ తిరిగింది. "ఇటు కాదు, ఆపు" అని పొటియోరెక్ అరిచాడు. డ్రైవర్ కారు ఆపాడు. ఆపిన చోట, అడుగుల దూరంలో, 19 ఏళ్ల గవ్రీలో ప్రిన్సిప్ నిలబడి ఉన్నాడు. రెండు గుళ్లు. ఒకటి ఆయన మెడలో, ఒకటి ఆమె కడుపులో. "సోఫీ, చనిపోకు, పిల్లల కోసం బతుకు" అన్నాడట ఆయన. పక్కన మెట్టు మీద నిలబడ్డ అధికారి తర్వాత చెప్పిన మాట ఇది. ఆ అధికారి రక్షణ కోసమని కారు ఎడమ వైపు నిలబడ్డాడు. గుళ్లు కుడి వైపు నుంచి వచ్చాయి.

ఇక్కడ ఒక మాట. యూట్యూబ్‌లో వీడియోలు తిరుగుతున్నాయి, ప్రిన్సిప్ శాండ్‌విచ్ తినడానికి అక్కడికి వెళ్తే అదృష్టం కొద్దీ కారు వచ్చి ముందు ఆగిందని. నా స్టూడెంట్లు కూడా అదే నమ్ముతున్నారు. కోర్టు విచారణలో ఎక్కడా లేని కథ అది. ఆ కారు ఆ మలుపు తిరుగుతుందని ముందే పేపర్లో వేశారు. అందుకే వాడు అక్కడ నిలబడ్డాడు. శాండ్‌విచ్ కథ వింటే పైవాళ్ల నిర్లక్ష్యం కనిపించకుండా పోతుంది, అంతా విధి ఆడిన ఆట అనిపిస్తుంది. నాకు ఒళ్లు మండేది అందుకే.

ప్రిన్సిప్‌ని నేను వెనకేసుకు రావడం లేదు. ముగ్గురు పిల్లల తల్లి కడుపులో గుండు దింపాడు. ఆమెను చంపాలనుకోలేదని, గవర్నర్‌కి గురిపెట్టానని కోర్టులో చెప్పాడు. దానివల్ల ఆ పిల్లలకు తల్లి తిరిగి రాదు కదా. ఆస్ట్రియా 1908లో బోస్నియాను తనలో కలిపేసుకుంది, ఆ కోపం వాడిది, వాడి దేశం వాడికి కావాలి. అది అర్థం చేసుకోగలను. చేసిన పని తప్పే. ఇరవై నిండలేదని ఉరి తప్పింది, ఇరవై ఏళ్ల కఠిన శిక్ష పడింది. 1918 ఏప్రిల్‌లో, యుద్ధం ముగియడానికి కొన్ని నెలల ముందు, జైల్లో క్షయతో చనిపోయాడు. అప్పటికే ఒక చెయ్యి తీసేశారు. వాడు చేసినదానికి వాడు అనుభవించాడు.

మరి మిగతావాళ్లు?

జూన్ 29 పొద్దున యూరప్‌లో యుద్ధం లేదు. జులై 10న లేదు. జులై 20న కూడా లేదు. బ్రిటన్ యుద్ధంలోకి దిగింది ఆగస్టు 4న. హత్యకూ దానికీ మధ్య 37 రోజులు. మన పాఠంలో ఆ 37 రోజులు ఒక్క కామాలో అయిపోతాయి. నా గొడవంతా ఆ కామా గురించే.

ఆ రోజుల్లో జరిగింది చూడండి. ఆస్ట్రియా సైన్యాధిపతి కాన్రాడ్ పొరుగు దేశం సెర్బియా మీద యుద్ధం చేద్దామని 1913 ఒక్క ఏడాదిలోనే ఇరవైసార్లకు పైగా అడిగినవాడు. అడిగినప్పుడల్లా అడ్డుపడిన పెద్ద మనిషి ఎవరో తెలుసా? ఫ్రాంజ్ ఫెర్డినాండే. ఆయన మంచివాడని నేను అనను. ముక్కోపి, హంగరీ వాళ్లంటే పడదు, రెండు లక్షలకు పైగా జంతువుల్ని, పక్షుల్ని వేటాడినట్టు లెక్కలు రాసుకున్న మనిషి. కానీ సెర్బియా జోలికి వెళ్తే రష్యా వస్తుంది, రష్యాతో యుద్ధమొస్తే రెండు సామ్రాజ్యాలూ పోతాయి అని ఆయనకు స్పష్టంగా తెలుసు. యుద్ధం వద్దన్న మనిషి శవాన్ని చూపించి యుద్ధం తెచ్చారు. నేను పదహారేళ్లు చెప్పిన పాఠంలో ఈ మాట లేదు.

జులై 5న ఆస్ట్రియా దూత బెర్లిన్‌కు తెచ్చిన లేఖను అక్కడి ఆస్ట్రియా రాయబారి జర్మనీ చక్రవర్తి కైజర్ విల్హెల్మ్‌కి అందించాడు. మీరేం చేసినా మేం వెనక ఉంటాం అని కైజర్ మాట ఇచ్చాడు. ఎంత అప్పు కావాలో అడక్కుండా హామీ సంతకం పెట్టినట్టు. మర్నాడు ఓడెక్కి నార్వే వైపు విహారానికి వెళ్లిపోయాడు. ఆస్ట్రియా వెంటనే యుద్ధానికి దిగలేకపోయింది. ఎందుకంటే సైనికులు కోతల సెలవు మీద ఊళ్లకు వెళ్లారు. ఇది చదివినప్పుడు ఆగిపోయాను. పొలంలో గోధుమ కోస్తున్న ఆ రైతు బిడ్డలకు తమ మీద ఏం నిర్ణయం జరుగుతోందో తెలియదు. కోతలు అయ్యేదాకా ఆగారు, అంతే.

జులై 13న విచారణకు వెళ్లిన ఆస్ట్రియా అధికారి వీస్నర్ సరయేవో నుంచి టెలిగ్రాం పంపాడు. సెర్బియా ప్రభుత్వానికి ఈ హత్యతో సంబంధం ఉందని రుజువు ఏదీ లేదని. సెర్బియా కడిగిన ముత్యం అని కాదు. ఆ పిల్లలకు ఆయుధాలు అందింది అక్కడి నుంచే, సెర్బియా సైనిక గూఢచారి విభాగం అధిపతి దిమిత్రియెవిచే దాని వెనక ఉన్నాడు. కానీ రుజువు లేదని తమ మనిషే చెప్పాక కూడా వియన్నా ఆగలేదు. రష్యా మిత్రదేశమైన ఫ్రాన్స్ అధ్యక్షుడు రష్యాలో పర్యటిస్తుంటే, ఆయన తిరుగు ఓడ ఎక్కేదాకా కావాలని కాచుకుని, జులై 23 సాయంత్రం సెర్బియాకు పది డిమాండ్ల పత్రం ఇచ్చారు. 48 గంటల గడువు. ఒప్పుకోరని తెలిసే, ఒప్పుకోకూడదనే రాసిన పత్రం అది. సెర్బియా ప్రధాని పాషిచ్ గడువుకు కొద్ది నిమిషాల ముందు స్వయంగా జవాబు తీసుకెళ్లి ఇచ్చాడు. సెర్బియా గడ్డ మీద జరిగే విచారణలో ఆస్ట్రియా అధికారులు పాల్గొనడం తప్ప చాలావాటికి సెర్బియా తలొగ్గింది. అక్కడి ఆస్ట్రియా రాయబారి జవాబు పైపైన చూసి, అరగంటలో రైలెక్కాడు. పెట్టెలు ముందే సర్దుకున్నాడు.

జులై 28 పొద్దున కైజర్ ఆ జవాబు చదివి, ఇంక యుద్ధానికి కారణం లేదని రాశాడు. అదే రోజు ఆస్ట్రియా టెలిగ్రాంలో యుద్ధం ప్రకటించింది. రష్యా చక్రవర్తి జార్ 29న సైన్యం మొత్తాన్ని కదిలించే ఆజ్ఞ ఇచ్చి, రాత్రికి వెనక్కి తీసుకుని, 30న మళ్లీ ఇచ్చాడు. ఆ ఒక్క రాత్రి ఆయన చేతిలో ఉంది. ఫ్రాన్స్‌లో పేపర్ల నిండా ఒక మాజీ ప్రధాని భార్య మీద హత్య కేసు. బ్రిటన్ ధ్యాస ఐర్లాండ్ మీద. ఆగస్టు 1న రష్యా మీద, 3న ఫ్రాన్స్ మీద జర్మనీ యుద్ధం ప్రకటించింది. 4న బెల్జియంలోకి దిగింది. ప్రతి మెట్టు దగ్గరా ఒక మనిషి కూర్చుని, ఆలోచించి, సంతకం పెట్టాడు. వాళ్లను నాయకులు అంటాం. 19 ఏళ్ల కుర్రాణ్ణి కారణం అంటాం.

మనకేం సంబంధం అంటారేమో. వైస్రాయ్ హార్డింజ్ మనల్ని ఒక్క మాట అడక్కుండా భారతదేశాన్ని యుద్ధంలో చేర్చాడు. సెప్టెంబర్ 22 రాత్రి జర్మన్ ఓడ ఎమ్డెన్ వచ్చి మద్రాసు రేవులో చమురు ట్యాంకులు పేల్చింది. అప్పటికి కోస్తా, రాయలసీమ వాళ్లందరికీ రాజధాని మద్రాసే. పది లక్షల మందికి పైగా మన సైనికులు సముద్రం దాటారు, 74 వేల మంది తిరిగి రాలేదు. నిజాం తన లాన్సర్ల అశ్వదళాన్ని ఈజిప్టు, పాలస్తీనా వైపు పంపాడు. ఢిల్లీలో తీన్ మూర్తి దగ్గర నిలబడ్డ మూడు విగ్రహాల్లో ఒకటి హైదరాబాద్ దళానిది. వాళ్లలో సరయేవో పేరు ముందెప్పుడైనా విన్నవాళ్లు ఎంతమంది ఉంటారు?

నిన్న క్లాసులో పాఠం పక్కన పెట్టి, బోర్డు మీద జూన్ 28 నుంచి ఆగస్టు 4 దాకా తేదీలు రాశాను. ఏ రోజు ఎవరు ఏం సంతకం పెట్టారో ఎదురుగా రాసుకుంటూ వెళ్లాను. బెల్ కొట్టినా పిల్లలు కదల్లేదు. ఆ చివరి బెంచీ అబ్బాయే మళ్లీ లేచాడు.

"ఇన్ని రోజుల్లో వద్దన్నవాళ్లు ఒక్కరూ లేరా టీచర్?"

ఉన్నాడు నాన్నా అన్నాను. ఫ్రాన్స్‌లో ఒకాయన, సోషలిస్టు నాయకుడు. ఊరూరా తిరిగి యుద్ధం వద్దని చెప్పాడు. జులై 31 రాత్రి పారిస్‌లో ఒక కేఫేలో భోంచేస్తుంటే కిటికీలోంచి కాల్చి చంపారు. యుద్ధం అయ్యాక, 1919లో, ఆ హంతకుణ్ణి కోర్టు నిర్దోషి అని వదిలేసింది. కోర్టు ఖర్చులు చనిపోయినాయన భార్య మీద వేసింది.

క్లాసు నిశ్శబ్దంగా అయిపోయింది. వాడు నోట్సు తెరిచి పెన్ను పట్టుకున్నాడు.

"ఆయన పేరు చెప్పండి టీచర్, రాసుకుంటా."

జూన్ 28 పక్కన ముందు సోఫీ పేరు రాశాను. తర్వాత జులై 31 పక్కన, అందరికీ కనిపించేలా పెద్ద అక్షరాలతో రాశాను: జాన్ జోరెస్.